గండికోట ధాన్యాగారంలో కెమెరా యాడ పెట్టాలి?

పాత కట్టడం మీద డాక్యుమెంటరీ తీయబోతుంటే, మొదటి మూడు రోజులు కెమెరాను సంచిలోంచి బయటికి తీయొద్దు. వీలైతే ఇంట్లోనే పెట్టి రండి. ఒక నోటుబుక్కు, పెన్ను, నీళ్ల బాటిల్, తలకు తువ్వాలు ఉంటే చాలు. గుడి గానీ, మసీదు గానీ, సమాధి గానీ, పాత గ్రంథాలయం గానీ, దాని ఎదురుగా ఒక మూల చూసుకుని కూర్చోండి. తెల్లవారకముందే వెళ్లి తాళం పడేదాకా ఉండండి. మొదటిరోజు మధ్యాహ్నానికే లేచి పోదామనిపిస్తుంది. పోవద్దు. మీరు తీయబోయే డాక్యుమెంటరీ ఆ మధ్యాహ్నం తర్వాతే మొదలవుతుంది.

మాది ప్రొద్దుటూరు. మా అన్న స్టూడియోలో పన్నెండేండ్లు పెండ్లి వీడియోలు తీసినాను, ఎక్కువగా పెండ్లికూతురి తరఫు. ఆ పనిలో చేతికి ఒక అలవాటు పడుతుంది. ఏ షాటూ మూడు సెకండ్లు దాటకూడదు, కెమెరా కదలకుండా ఉండకూడదు, అన్నిటి కిందా ఒక పాట ఉండాలి. గండికోటను మొదటిసారి అదే చేత్తో తీసినాను. నాలుగు నిమిషాల వీడియో. మసీదు మినార్ల చుట్టూ తిరిగినాను, మాధవరాయస్వామి గుడి గోపురాన్ని కింది నుంచి పైకి ఎత్తినాను, పెన్నా లోయను స్లో మోషన్‌లో చూపించినాను. కోట లోపల ఇప్పటికీ ఊరుంది కదా, ఆ ఊరి పెద్దాయనకు ఫోన్లో చూపిస్తే చివరిదాకా చూసి, "బాగుంది పాపా. కానీ ఇది మా కోట మాదిరి లేదు, పెండ్లి మాదిరి ఉంది" అన్నాడు. ఆ మాట నాకు తగిలింది. ఆ తర్వాత రెండేండ్లు ఆ కోటకే పోయినాను. ఇక్కడ రాస్తున్నదంతా ఆ రెండేండ్లలో, ఆ తర్వాత తాడిపత్రిలో, కర్నూలులో, ఒక చిన్న ఊరి శాఖా గ్రంథాలయంలో నేర్చుకున్నది.

కామెంటరీ లేకుండా, ఎవరినీ కుర్చీలో కూర్చోబెట్టి ప్రశ్నలు అడగకుండా, జరిగేదాన్ని జరిగినట్టు చూస్తూ తీసే పద్ధతి ఇది. 1960ల మొదట్లో భుజాన మోయగలిగే 16 ఎం.ఎం. కెమెరా, దానితో జతగా నడిచే టేప్ రికార్డరు చేతికొచ్చినాక కెనడా, అమెరికా, ఫ్రాన్సుల్లో బలపడింది. మనుషుల మీద పుట్టిన పద్ధతిని రాతి కట్టడం మీద వాడొచ్చా అని అడుగుతారు. కట్టడానికీ దినచర్య ఉంది. పొద్దున ఎవరో తలుపు తీస్తారు, ఎవరో ఊడుస్తారు, ఎండ ఒక స్తంభం నుంచి ఇంకో స్తంభానికి నడుస్తుంది, పావురాలు వస్తాయి, మేకలు వస్తాయి, ఎవరో గొళ్లెం వేస్తారు. కట్టడం బతికేది ఈ పనుల్లోనే. మనం తీయాల్సిందీ వీటినే.

నోటుబుక్కులో ఏం రాయాలి

పేజీకి నిలువుగా మూడు గీతలు కొట్టండి. నాలుగు గడులొస్తాయి. మొదటిదాంట్లో టైము, రెండోదాంట్లో ఎండ ఎక్కడ పడింది, మూడోదాంట్లో ఏం వినబడింది, నాలుగోదాంట్లో ఎవరు వచ్చినారు. పదిహేను నిమిషాలకోసారి రాయండి. ఏమీ జరగకపోతే "ఏమీ లేదు" అని రాయండి, ఆ గడి ఖాళీగా వదలొద్దు. మూడు రోజుల పేజీలు పక్కపక్కన పెట్టి చూస్తే, మూడు రోజులూ ఒకే టైముకు ఒకేచోట జరిగినవి కనబడతాయి. అవే మీ షాట్లు.

గండికోట జామియా మసీదు ఆవరణ గురించి నా పుస్తకంలో ఒక పేజీ: "6.40, పడమటి వరుస కమానుల తలల మీద మాత్రమే ఎండ. చిలకలు. ఎవరూ లేరు. 6.55, ఎండ కమాను సగానికి దిగింది. ఊరి ఆమె చీపురుతో. 7.10, చీపురు చప్పుడు గోడకు తగిలి తిరిగొస్తా ఉంది." ఆ చివరి వాక్యం రాసినాకే నాకు కెమెరా యాడ పెట్టాలో తెలిసింది. ఆమె ముఖం ఎదురుగా కాదు. ఆవరణకు ఆ చివర, చీపురు చప్పుడు రెండుసార్లు వినబడే చోట.

ఎండ

దీని మీద కొంచెం ఎక్కువ రాస్తాను. మన సీమలో పాత కట్టడాలకు లైటు మనం పెట్టేది కాదు, ఎండే పెడుతుంది. దాని లెక్క తెలుసుకోకుండా పోతే ఆర్నెల్లు వృథా అవుతాయి. నాకు అయింది.

తాడిపత్రిలో చింతల వెంకటరమణస్వామి గుడి గోడల మీద రామాయణ, భాగవత కథలు చెక్కి ఉన్నాయి. పెన్నా ఒడ్డున బుగ్గ రామలింగేశ్వరుని గుడి గోపురాలు సగంలోనే ఆగినవి, కానీ కట్టినంత మేరా చెక్కడం చెక్కడమే. నేను డిసెంబరులో పోయినాను, చల్లగా ఉంటుందని. ఉత్తరం వైపు గోడలన్నీ నీడలో ఉన్నాయి. పొద్దున్నే పోయినా, సాయంత్రం పోయినా అంతే. సెప్టెంబరు చివరి నుంచి మార్చి చివరిదాకా మనకు సూర్యుడు దక్షిణం వైపే తిరుగుతాడు, ఉత్తరపు గోడకు నేరు ఎండ అందదు. నీడలో తీసిన శిల్పం అట్టముక్క మాదిరి చదునుగా వస్తుంది.

అదే వైశాఖ, జ్యేష్ఠ మాసాల్లో పోండి. సూర్యుడు ఈశాన్యం నుంచి లేస్తాడు. ఏడు, ఏడున్నరకు ఉత్తరపు గోడ మీద ఎండ పక్కవాటుగా రాసుకుంటూ పోతుంది. హనుమంతుని తోక, సీతమ్మ కొంగు, ఏనుగు తొండం ఒక్కొక్కటే నీడతో లేచి వస్తాయి. శిల్పానికి ఎదురుగా పడే ఎండ కంటే ఇట్లా గోడను ఒరుసుకుంటూ పోయే ఎండే మేలు. తాడిపత్రి, గండికోట, కడప దాదాపు 14.5 నుంచి 15 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉన్నాయి కాబట్టి ఏడాదికి రెండుసార్లు, ఏప్రిల్ ఆఖరు, మే ఒకటి దగ్గరా, ఆగస్టు రెండో వారం దగ్గరా, మధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నెత్తిమీదికి వస్తాడు. నిలబెట్టిన కర్రకు నీడ ఉండదు. మండపం లోపల అంతా చీకటి, బయటి బండలు తెల్లగా మండుతా ఉంటాయి. ఆ గంటలో బయట తీయొద్దు. లోపలికి పోండి. బండల మీద పడిన ఎండ కింది నుంచి పైకి ఎగసి మండపం కప్పును వెలిగిస్తుంది. పైకప్పు చెక్కడాలు, రంగు బొమ్మలు తీసేదానికి అంతకంటే మంచి లైటు ఏ కిరాయి సామాన్ల దగ్గరా దొరకదు.

ఎక్స్‌పోజర్ (కెమెరా ఎంత వెలుగు తీసుకోవాలో), వైట్ బ్యాలెన్స్ (రంగులు ఎట్లా కనబడాలో) ఆటోలో వదలొద్దు. ఫోనుతో తీసేవాళ్లు కూడా స్క్రీన్ మీద వేలు నొక్కిపట్టి లాక్ చేయండి. ఆటోలో వదిలితే మబ్బు అడ్డం వచ్చినప్పుడల్లా కెమెరా దాన్ని సరిచేసేస్తుంది, మబ్బు వచ్చిన సంగతే సినిమాలో ఉండదు. మబ్బు కోసం కండ్లు కాయలు కాచే ఊళ్లో మబ్బును పోగొట్టుకోకూడదు.

అనుమతి

గండికోట మసీదు, మాధవరాయస్వామి గుడి, కర్నూలులో ఒకప్పటి పాలకుడు అబ్దుల్ వహాబ్ సమాధి కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నాయి. చేతిలో పట్టుకుని సొంతానికి తీసుకునే వీడియోకు ఒక లెక్క, స్టాండు వేసి సినిమాగా తీసేదానికి ఇంకో లెక్క. రెండోదానికి ముందే రాతపూర్వకంగా అనుమతి తీసుకోండి, కాగితం రెండు జిరాక్సులు సంచిలో పెట్టుకోండి. పూజ జరిగే గుడిలో అర్చకులను, నమాజు జరిగే చోట పెద్దలను వేరుగా అడగాలి. గర్భగుడిలో తీయొద్దంటే తీయొద్దు. బేరం ఆడొద్దు. డ్రోన్ గురించి నా మాట ఒకటే, ఈ పనికి అది అక్కరలేదు. ఆ కట్టడంలో బతికే మనిషి ఎవరూ దాన్ని ఆకాశం నుంచి చూడరు.

కెమెరా యాడ, ఎంతసేపు

ఒకే లెన్స్ తీసుకోండి. నేను 35 ఎం.ఎం. వాడతాను. జూమ్ ఉంటే కూర్చున్నచోటు నుంచే దగ్గరికి లాగాలనిపిస్తుంది, లేచి నడవబుద్ధి కాదు. స్టాండును కూర్చున్న మనిషి కంటి ఎత్తుకు దించండి. మన మండపాలు, ఆవరణలు నేల మీద కూర్చునే మనుషుల కోసం కట్టినవి. నిలబడి తీస్తే స్తంభం పొట్టిగా, కూర్చుని తీస్తే దాని సరైన ఎత్తులో కనబడుతుంది.

కెమెరాను పైకి ఎత్తి గోపురం తీస్తే అది వెనక్కి పడిపోతున్నట్టు వస్తుంది. ఎత్తొద్దు, వెనక్కి నడవండి. వెనక్కి పోయే జాగా లేకపోతే గోపురం మొత్తం తీయాలన్న కోరిక వదిలేసి, దాని నీడ ఆవరణలో ఎట్లా జరుగుతుందో తీయండి. మాధవరాయస్వామి గోపురానికి నేను అదే చేసినాను.

ఒక షాట్ తక్కువలో తక్కువ రెండు నిమిషాలు. రికార్డు బటన్ నొక్కి చేతులు ఒళ్లో పెట్టుకోండి. ఫ్రేములోకి ఎవరో వస్తారు, పోతారు. పోయినాక ఇంకో ముప్పై సెకండ్లు ఆగండి. మనిషి పోయినాక ఆ జాగా ఎట్లా మళ్లీ సర్దుకుంటుందో ఆ ముప్పై సెకండ్లలో ఉంటుంది. పెండ్లిపని చేసిన చేతికి ఇది అన్నిటికంటే కష్టం. నేను మొదట్లో బటన్ నొక్కి దుర్గాస్తుతి రెండుసార్లు మనసులో చదువుకునేదాన్ని.

ఇంక ధాన్యాగారం. మసీదు పక్కనే ఉంటుంది, కమాను కప్పుతో పెద్ద హాలు. లోపలికి అడుగుపెట్టగానే అందరూ చేసే పని, నట్టనడుమ నిలబడి ఆ కొసదాకా తీయడం. నేనూ చేసినాను, నాలుగుసార్లు. నాలుగుసార్లూ ఖాళీ గోదాము వచ్చింది. అయిదోసారి వెనక గోడకు ఆనుకుని, ద్వారం వైపు తిరిగి పెట్టినాను. వచ్చేవాళ్లు వెలుతురులోంచి నల్లటి ఆకారాలుగా లోపలికి వస్తారు, కండ్లకు చీకటి అలవాటయ్యేదాకా గడప దాటి ఆగుతారు, తల ఎత్తుతారు, ఎవరో ఒకరు కూత పెడతారు. కూత కప్పుకు తగిలి తిరిగొస్తుంది. గొంతు తగ్గించి నవ్వుకుంటారు. ఈ పొడుగు, ఈ ఎత్తు, ఈ కప్పు, అన్నీ ఆ ఒక్క షాట్‌లో అర్థమవుతాయి. కొలతలు చెప్పే పని లేదు.

కరెంటు లైట్లున్న చోట ఒక జాగ్రత్త. మన కరెంటు 50 హెర్ట్జ్. సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ (ఒక్కో ఫ్రేముకు వెలుగు తీసుకునే టైము) సెకనులో 50వ వంతు పెట్టండి. లేకపోతే ట్యూబులైటు కింద గోడలు అదురుతున్నట్టు వస్తాయి.

చప్పుడు

బొమ్మ కంటే ముందు చప్పుడు వినే మనిషి ఈ పని బాగా చేస్తాడు. హెడ్‌ఫోన్ లేకుండా ఒక్క షాటూ తీయొద్దు.

ఆషాఢంలో గండికోటలో గాలి ఎట్లా ఉంటుందో సీమవాళ్లకు చెప్పక్కరలేదు. ఉత్త మైకు పెడితే గర్రుమని మోత తప్ప ఇంకేమీ రాదు. మైకుకు బొచ్చు కవర్ తొడగండి, గాలికి అడ్డంగా మీ వీపు పెట్టండి. అయినా గాలిని పూర్తిగా తీసేయాలని చూడొద్దు. లోయ అంచున గాలి వేరు, మసీదు కమానుల్లో గాలి వేరు, కోటలోని కత్తుల కోనేటి మెట్ల మీదికి దిగితే హఠాత్తుగా ఆగిపోయే గాలి వేరు. ఈ మూడూ విడివిడిగా రికార్డు చేసుకోండి. నేను చిన్న రికార్డరు ఒకటి 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో పెట్టి, ప్రతి గదిలో ఎవరూ లేనప్పుడు మూడు నిమిషాలు వదిలేస్తాను. ఖాళీ గదికీ ఒక చప్పుడుంటుంది. ఎడిటింగులో రెండు షాట్లను అతికించేది అదే.

శాఖా గ్రంథాలయంలో చప్పుడే సినిమా అయింది. నాపబండలు పరిచిన పాత ఇల్లు. కుర్చీ జరిపితే బండ మీద కీచుమనేది, పేపరు తిప్పే చప్పుడు, పోటీ పరీక్షలకు చదివే పిల్లోళ్లు పెదాలతో మననం చేసుకునే గుసగుస, పదకొండుకు కరెంటు పోతే ఫ్యాను ఆగుతూ ఆగుతూ చేసే టకటక. కరెంటు పోయినాక ఎవరూ లేవలేదు. కిటికీ దగ్గరికి కుర్చీలు జరుపుకున్నారు. ఆ షాట్ ఏడు నిమిషాలు. ఒక్క సెకండు కోయలేదు.

మనుషులు

కెమెరా ఎవరికీ కనబడకుండా దాచొద్దు. రోజూ అదే చోట, ఒకే మాదిరి బట్టల్లో, అదే స్టాండుతో కూర్చోండి. నాలుగో రోజుకు మీరు అక్కడి స్తంభాల్లో ఒకటైపోతారు. మసీదు ఊడ్చే ఆమె, మొదటిరోజు నేను తీసినానని రెండోరోజు పట్టుచీర లాంటిది కట్టుకుని వచ్చింది. ఆ చీరలోనే తీసినాను, ఆమె ముచ్చట కాదనలేదు. ఫోటో ఒకటి ప్రింటు వేయించి ఇచ్చినాను. వారం తర్వాత పాత నూలుచీరలో, నడుముకు కొంగు దోపుకుని, నా వైపు చూడకుండా ఊడ్చుకుంటూ పోయింది. సినిమాలో ఉన్నది ఆ పొద్దుటిది.

ఎవరినీ ఏ పనీ మళ్లీ చేయమని అడగొద్దు. ఒక ఊళ్లో గేటు మూసే ఆయన తాళం వేస్తుండగా నా మెమరీ కార్డు నిండిపోయింది. "అన్నా, ఇంకొక్కసారి వేస్తావా" అన్నాను. వేసినాడు. కానీ తాళం చెవి పైకెత్తి చూపించి మరీ వేసినాడు, పాపం నా కోసం. ముప్పై ఏండ్లుగా చూడకుండా వేసే తాళాన్ని చూసి వేసినాడు. ఆ షాట్ పనికిరాలేదు సరే, ఆ తర్వాత రెండు రోజులు నన్ను చూసినప్పుడల్లా ఆయన నడక మారిపోయింది. నేను చెడగొట్టినాను అది. ఏదైనా తప్పిపోతే రేపు మళ్లీ రండి. రేపు కూడా తాళం వేస్తారు.

చరిత్ర ఎక్కడ చెప్పాలి

కామెంటరీ లేకపోతే చూసేవాళ్లకు ఏం తెలుస్తుందని మా అన్న ఇప్పటికీ అడుగుతాడు. నా పద్ధతి, సినిమా మొత్తానికి తెర మీద అక్షరాలతో ఒక్క కార్డు. మూడు పంక్తులు దాటకూడదు.

కడపలో సి.పి. బ్రౌన్ గ్రంథాలయం తీసే ఆలోచన ఎవరికైనా ఉంటే చెప్తున్నాను, అక్కడ చెప్పాల్సింది చాలా ఉంది. బ్రౌన్ 1820లో కడపకు వచ్చినాడు. బంగళా కొని, సొంత జీతంలోంచి పండితులను పెట్టి, తాళపత్రాలు తెప్పించి, పాఠాలు సరిచూపించినాడు. ఆ బంగళా శిథిలమైపోతే ఆ జాగాలోనే గ్రంథాలయం లేచేదానికి రచయిత జానమద్ది హనుమచ్ఛాస్త్రి ఊరూరా తిరిగి కష్టపడినారు. ఇదంతా కార్డులో పెడితే పాఠ్యపుస్తకం అవుతుంది. "ఒకప్పుడు బ్రౌన్ ఇక్కడ పండితులతో కూర్చుని తెలుగు చదివినాడు" అని ఒక్క పంక్తి వేసి, ఇప్పుడు అదే జాగాలో తల వంచుకుని చదువుకునే పిల్లను అయిదు నిమిషాలు చూపించండి. మిగతాది చూసేవాళ్లు కలుపుకుంటారు.

కర్నూలులో హంద్రీ ఒడ్డున అబ్దుల్ వహాబ్ సమాధి పదిహేడో శతాబ్దంలోది. అక్కడ కూర్చుంటే 2009 అక్టోబరు వరద మాట ఎవరో ఒకరు ఎత్తుతారు, "నీళ్లు యాడిదాకా వచ్చినాయో తెలుసునా బ్బా" అని చేయి ఎత్తి చూపిస్తారు. మీరు అడిగితే అది ఇంటర్వ్యూ. వాళ్లలో వాళ్లు మాట్లాడుకుంటుంటే మీ కెమెరా నడుస్తూ ఉంటే అది సినిమా. తేడా అంతే, కానీ దాని కోసం నేను పదకొండు రోజులు కూర్చున్నాను.

కోత (ఎడిటింగు)

4కె వీడియో 100 ఎంబీపీఎస్‌లో (సెకనుకు 100 మెగాబిట్లు) తీస్తే గంటకు 45 జీబీ అవుతుంది. రోజూ రాత్రి రెండు హార్డ్ డిస్కుల్లోకి ఎక్కించి, ఒకటి వేరే ఇంట్లో పెట్టండి. కాపీ అయిందని కండ్లతో చూసేదాకా మెమరీ కార్డు చెరపొద్దు.

గండికోటలో నా దగ్గర ముప్పైనాలుగు గంటలు చేరింది. సినిమా ఇరవైఆరు నిమిషాలు. వరుస కష్టమేమీ కాదు, ఒక రోజును పట్టుకోండి. వేరే వేరే నెలల్లో తీసినవైనా సరే, తెల్లవారుజాము నుంచి చీకటిదాకా పేర్చండి. మొదట తీసేయాల్సినవి అన్నిటికంటే అందమైన షాట్లు, అంటే పోస్టుకార్డు మాదిరి ఉన్నవి. పెన్నా లోయ మీద సూర్యాస్తమయం నా దగ్గర పద్నాలుగు ఉండె. ఒక్కటీ పెట్టలేదు. సాయంత్రాన్ని చూపించేదానికి ధాన్యాగారం ద్వారంలో వెలుగు సన్నగిల్లడం చాలింది. పాట వేయొద్దు.

తయారైనాక మొదట ఆ కట్టడం దగ్గర పనిచేసేవాళ్లకు చూపించండి. పోటీలకు పంపడం ఆ తర్వాత. మేము కోటలో ఒక ఇంటి గోడకు తెల్ల పంచె కట్టి, అన్న స్టూడియో ప్రొజెక్టరుతో చూపించినాం. ముప్పై మంది దాకా కూర్చున్నారు. మసీదు ఆవరణలోకి మేకలు వచ్చే షాట్ నాలుగు నిమిషాలు ఉంటుంది, దాన్ని కోయమని స్నేహితులందరూ అన్నారు. ఆ షాట్ రాగానే వెనక వరుసలోంచి ఊడ్చే ఆమె లేచి నిలబడింది. "ఆ తెల్లచెవులది మాది. పోయిన నెలే అమ్మినాం" అంది. తర్వాత నా దగ్గరికి వచ్చి, "పాపా, దాన్ని ఇంకొకసారి చూపిస్తావా" అని అడిగింది. వెనక్కి తిప్పి, మళ్లీ వేసినాను.